కుర్మయ్య అతుకు

షామీర్‌పేట,
ఆగస్టు 4.

బిడ్డా, నీ పేరు పేపర్లో పడ్డది! మేడ్చల్ జిల్లా పేజీలో, నట్టనడుమ, ఫోటోతో సహా! నవంబరు 19 నాడు మీ ఉపగ్రహం పైకి పోతదని తారీఖు కూడా వేసిండ్రు!

ఆగు. సంతోషంలో పద్ధతి మరిచిపోయిన. చిరంజీవి భవితకు నాయిన యాదయ్య దీవించి రాయునది ఏమనగా, ఇక్కడ నేను, మీ అమ్మ ఐలమ్మ, మీ అన్న జైపాల్ అందరం క్షేమం. బెంగుళూరులో నువ్వు కూడా క్షేమమని తలుస్తున్న. ఇక అసలు ముచ్చట.

పొద్దున జైపాల్ కండ్లకోయలో కాలేజీ పిల్లలను బస్సులో దింపి, వాపసు వచ్చేటప్పుడు పేపరు పట్టుకొచ్చిండు. వాడు ఏదో ఒర్రుతున్నడు, నాకు వినబడితే కదా! నీకు తెలిసిందే, ఎడమ చెవి పూర్తిగా బందయ్యింది, కుడి చెవి పక్కింట్లో మాట్లాడినట్టు వింటది. ఫోన్లో అసలే వినలేను. వాట్సాపు పంపితే వాడు చదివి సగమే చెప్తడు. అందుకే కద మనిద్దరికి ఈ ఉత్తరాలు. ఇగ లాభం లేదని వాడు పేపరు తెచ్చి నా ముక్కుకు ఆనిచ్చిండు. "చెరువుల నీళ్ళను కొలిచే ఉపగ్రహం వెనుక షామీర్‌పేట మత్స్యకారుని బిడ్డ" అని ఇంతింత అక్షరాలు. మత్స్యకారుడంటే నేనే! నా పేరు వేయలేదు. ఫికర్ లేదు, ఊరందరికి తెలుసు.

మీ అమ్మ ఫోటో చూసి, "బుగ్గలు గుంజుకపోయినయ్ పిల్లకు. ఏమన్న తింటాందా లేదా?" అన్నది. అప్పటి నుంచి అదే పాట. సంతోషంలో కూడా ఏడ్చే మనిషి, నీకు తెలియంది కాదు.

నేను పేపరు పట్టుకొని చేపల సంఘం ఆఫీసుకు పోయిన. అధ్యక్షుడు గౌరయ్య రెండుసార్లు చదివి నా కుడి చెవి కాడ నోరు పెట్టి అడిగిండు: "యాదన్నా, గంత బాగనే ఉన్నది గని, గీ సిస్టమ్స్ ఇంజినీరు అంటే ఏంది? రాకెట్ జేస్తదా, కంప్యూటర్ జేస్తదా?"

"రెండు జెయ్యదు," అన్న. "గవి జేసేటోళ్ళు వేరే ఉంటరు. గాళ్ళు జేసినయి కలిసే కాడ నా బిడ్డ నిలబడి చూస్తది. అతుకు చూసే పని. నేను చెరువుల జేసిందే నా బిడ్డ ఆకాశంల జేస్తాంది."

సంఘంలో కొత్తగా చేరినవాళ్ళకు అతుకు చూసుడు అంటే తెలియదు. వాళ్ళకు విడమరిచి చెప్పిన. ఏటా పెద్ద పట్టుకు పన్నెండు ఇండ్లవాళ్ళు పన్నెండు వలలు తెచ్చేవాళ్ళు. ఎవని వల వాడు మంచిగనే అల్లుకుంటడు. చెరువు చుట్టాలంటే మాత్రం పన్నెండు కలిసి ఒక్కటి కావాలె. వల నడుమ నుంచి చేప పోదు, వలకు వలకు నడుమ నుంచి పోతది. అందుకని సంఘం ఒక మనిషిని పెట్టేది. వానికి వల ఉండదు, లాగుడు ఉండదు. నడుము లోతు నీళ్ళలో ఒక అతుకు నుంచి ఇంకో అతుకు కాడికి నడుచుడే వాని పని. వేలు పెట్టి చూసి, సరిగా ఉంటే ఎర్ర గుడ్డ పేలిక కడతడు. పేలిక పడ్డంక ఇక ఎవ్వడూ అడగడు. ఇరవై రెండేండ్లు ఆ పేలికలు కట్టింది నేను!

కుడి ఎడమల ముచ్చట కూడా చెప్పిన. వలకు లోపలి ముఖం, బయటి ముఖం ఉంటయి కద. రెండు వలల లోపలి ముఖాలు ఒక్క దిక్కే ఉండాలె. అతుకు కాడ ఇద్దరు ఎదురెదురుగా నిలబడతరు. ఈయన "లోపలి ముఖం నా కుడికున్నది" అంటడు. ఆయన కూడా "నా కుడికే" అంటడు. ఇద్దరూ నిజమే చెప్పిండ్రు, వల మాత్రం తిరగబడ్డది! అందుకే మా నాయిన కాలం నుంచి అతుకు కాడ కుడి ఎడమ అనే మాట పలకనియ్యం. గట్టు దిక్కా, నీళ్ళ దిక్కా, అంతే. గట్టు ఎవ్వని కోసం జరగదు.

"మంచిగ చూసుకొమ్మను బిడ్డను. కుర్మయ్య అతుకు గాకుంట," అని గౌరయ్య నవ్విండు. అందరూ నవ్విండ్రు. నేను కూడా నవ్విన.

శ్రీహరికోటకు మేమందరం వస్తున్నం. జైపాల్ దోస్తు రవీందర్‌కు వ్యాను ఉన్నది, పద్నాలుగు సీట్లు. పద్నాలుగు నిండినయి. నా చిన్నాయిన కొడుకు బాలేష్ సీటు దొరకలేదని అలిగి పోయిండు. నీకు పాసులు ఇప్పించే పని ఉన్నది.

మంచిగా తిను. మీ అమ్మ రాయమన్నది.

ఇట్లు నీ నాయిన
యాదయ్య

*

బెంగుళూరు,
ఆగస్టు 20.

నాయినా,

ఉత్తరం అందింది. పేపరు సంగతి నాకు తెలియదు. ఆ ఫోటో ఎవరిచ్చారో కూడా తెలియదు. అది మూడేళ్ళ కిందటిది. ఇప్పటి బుగ్గలు చూస్తే అమ్మ ఇంకేమంటుందో.

ఇక్కడ రోజులన్నీ ఒకటే. పొద్దున గేటు దగ్గర ఫోను పెట్టెలో పెట్టి లోపలికి వెళ్తాను. తెల్ల దుస్తులు, టోపీ, ముఖానికి గుడ్డ. బయటకి వచ్చేసరికి క్యాంటీన్‌లో ఇడ్లీలు చల్లబడి ఉంటాయి. మూడు నెలలుగా ఆదివారం అనేది క్యాలెండర్లో తప్ప కనబడలేదు. మా పెద్దాయన శేఖర్ సార్ డిసెంబరులో రిటైర్ అవుతున్నారు. ఈ ఒక్కటి పైకి వెళ్ళడం చూసి ఇంటికి పోతానంటారు రోజూ. ఆయన ముఖం చూస్తే జాలేస్తుంది. నా ముఖం చూసి ఆయనకూ అలాగే ఉంటుందేమో.

నీకో సంగతి తెలుసా? మా ఆఫీసులో కూడా "కుర్మయ్య అతుకు" అంటారు. నేనే నేర్పాను. నిర్లక్ష్యంగా చేసిన పని ఏది కనబడినా, నాతో పనిచేసే సృజన దాని మీద ఎర్ర పెన్సిలుతో "కు. అ." అని రాస్తుంది. ఆ అమ్మాయిది మైసూరు, తెలుగు రెండు ముక్కలు కూడా రావు, ఈ మాట మాత్రం స్పష్టంగా అంటుంది. చిన్నప్పుడు ఇంట్లో విన్న మాట ఎంత దూరం వచ్చిందో చూడు.

గట్టు దిక్కు, నీళ్ళ దిక్కు అని రాశావు కదా. ఆ వాక్యం దగ్గర ఆగిపోయాను. చిన్నప్పుడు వందసార్లు విన్నదే. ఈసారి ఎందుకో ఒక పాత కాగితం మళ్ళీ తీసి చూడాలనిపించింది. చూస్తున్నాను.

ఒక్కమాట అడుగుతాను. నువ్వు పేలిక కట్టిన అతుకు ఎప్పుడైనా విప్పుకుందా? విప్పుకుంటే అప్పుడేం చేశావు?

వ్యాను ఇప్పుడే ఖాయం చేయకండి. తారీఖులు మారుతుంటాయి.

నీ
భవిత

*

షామీర్‌పేట,
సెప్టెంబరు 1.

చిరంజీవి భవితకు దీవెనలు.

వ్యాను ఖాయమయ్యింది! నీ ఉత్తరం రాకముందే రవీందర్‌కు మాట ఇచ్చిన. ఇచ్చిన మాట తిరిగి తీసుకోరాదు. తారీఖు మారితే వ్యాను కూడా మారుతది, దానికేం, దానికీ చక్రాలే ఉన్నయి కద!

మీ అమ్మ దారిలో తినడానికి సర్వపిండి చేస్తనని ఇప్పటి నుంచే లెక్కలు వేస్తున్నది. నవంబరు దాకా ఆగవే అంటే, "నీకు వినబడదు, నీతోని ఏం మాట్లాడుడు," అంటది. అది మాత్రం నాకు స్పష్టంగా వినబడుతది.

చెరువు నిండింది. ఈసారి మత్తడి దూకింది. మీ ఉపగ్రహం పైకి పోయినంక మన చెరువు ఎంతున్నదో పైనుంచి కనబడుతదని జైపాల్ చెప్పిండు. చెరువు లోపలి శిఖం భూమిలో గోడలు కట్టేటోళ్ళను కూడా చూస్తదా? అట్లయితే మస్తు పని ఉంటది నీకు.

నువ్వు అడిగిన ముచ్చట: నేను కట్టిన పేలిక ఎన్నడూ తప్పలేదు. ఇరవై రెండేండ్లలో ఒక్కనాడు తప్పలేదు. ఎవరినైనా అడుగు.

వాన జోరుగా ఉన్నది. ఉత్తరం తడుస్తదని ఇక్కడికి ఆపుతున్న.

ఇట్లు
యాదయ్య

*

బెంగుళూరు,
సెప్టెంబరు 14.

నాయినా,

ఈ ఉత్తరం జైపాల్ అన్నకు చూపించకు. అమ్మకు చదివి వినిపించకు. నీకు ఒక్కడికే.

ఆ పాత కాగితం చూశాను. నాలుగు వారాలుగా అదే చూస్తున్నాను.

మా ఉపగ్రహానికి బయట ఒక కన్ను ఉంది. సూర్యుడు ఎటున్నాడో చెప్పడం దాని పని. లోపల ఒక చక్రం ఉంది. అది తిరిగితే ఉపగ్రహం తిరుగుతుంది. పైన ఏ కష్టం వచ్చినా ఉపగ్రహానికి తెలిసింది ఒక్కటే: అన్నీ ఆపేసి సూర్యుడి వైపు తిరిగి, బ్యాటరీ నింపుకుంటూ, మన మాట కోసం ఎదురుచూడటం. ప్రాణం దక్కించుకునే పద్ధతి అది.

కన్ను చేసినవాళ్ళు బయట నిలబడి దాన్ని చూస్తూ కొలతలు రాశారు. చక్రం చేసినవాళ్ళు లోపలి నుంచి బయటికి చూస్తున్నట్టు రాసుకున్నారు. ఇద్దరి కాగితాల్లోనూ "కుడి" అనే ఉంది. ఎవరిదీ తప్పు కాదు. ఎవరి పరీక్షల్లో వాళ్ళు నెగ్గారు. రెండూ కలిసే చోట నిలబడాల్సింది నేను.

కాగితాలు చెప్తున్నది నిజమైతే, కష్టం వచ్చినప్పుడు అది సూర్యుడి వైపు తిరగదు. వీపు పెడుతుంది. రెండు మూడు గంటల్లో చల్లబడి చచ్చిపోతుంది.

దీన్ని కనిపెట్టడానికి పెద్ద చదువు అక్కర్లేదు. అన్నీ బిగించాక ఒక పక్క నుంచి దీపం పట్టి, చక్రం ఎటు తిరుగుతుందో చూడాలి. పది నిమిషాలు. ఆ పరీక్ష నా జాబితాలో ఉంది. మార్చిలో చేయాలి. అప్పటికి వరుసగా పంతొమ్మిది రోజులు పనిచేశాను. గది ఖాళీ లేదు, అందరూ వెనకబడ్డామని అరుస్తున్నారు. "కాగితం మీద సరిచూశాను, దీపం పరీక్ష అవసరం లేదు" అని రాసి సంతకం పెట్టాను. కాగితం మీద కూడా సరిగా చూడలేదు నాయినా. రెండు చోట్లా "కుడి" అని ఉంది, చాలనుకున్నాను.

ఇప్పుడు అంతా బిగించి సిద్ధంగా ఉంది. అక్టోబరు చివర పంపిస్తారు. ఆ పద్ధతి ఒక చిప్‌లో అచ్చయిపోయింది. మార్చాలంటే అంతా విప్పాలి. విప్పితే పరీక్షలన్నీ మొదటి నుంచి. రాకెట్లో మా చోటు వేరేవాళ్ళకు పోతుంది. అరవై మంది రెండేళ్ళ పని. శేఖర్ సార్ రిటైర్మెంటు.

ఎవరికీ తెలియదు. నాకు తప్ప. పైకి వెళ్ళిన మొదటి రోజుల్లో ఏ కష్టమూ రాకపోతే, కింద నుంచి గుట్టుగా ఒక ఆజ్ఞ పంపి, ఆ చిప్ మాట వినకుండా చేయవచ్చు; కరెంటు ఉన్నంతసేపే నిలిచే ఆజ్ఞ అది, ఇక్కడే ఇచ్చి పంపలేం. కష్టం రాకపోవచ్చు కూడా. రోజూ పొద్దున ఆ "రాకపోవచ్చు"ను పట్టుకుని లోపలికి వెళ్తున్నాను.

నీ పేలిక ఎన్నడూ తప్పలేదని రాశావు. సంతోషం. నాది తప్పింది.

భవిత

*

షామీర్‌పేట,
సెప్టెంబరు 23.

భవితా,

నీ ఉత్తరం చదివి ఐదు రోజులయ్యింది. ఎవరికీ చూపించలేదు. చెరువు కట్ట మీద కూర్చొని చదివి, జేబులో పెట్టుకొని తిరుగుతున్న. మీ అమ్మ జ్వరమా అని నుదురు పట్టి చూసింది.

నేను నీకు అబద్ధం రాసిన.

నీకు మూడేండ్లప్పుడు ముచ్చట. పెద్ద పట్టు. నడిరాత్రి నుంచి చలి నీళ్ళలో ఉన్న. పన్నెండు వలలకు పదకొండు అతుకులు. పది చూసిన. పది పేలికలు నా చేతితో కట్టిన. కాళ్ళు మొద్దుబారి, పండ్లు టకటక కొట్టుకుంటున్నయి. గట్టు మీదికి వచ్చి చుట్ట ముట్టిచ్చిన. పదకొండోది కుర్మయ్య బావది. మా అక్క ఈదమ్మ మొగడు, నీకు మేనత్త మొగడు. ఆయన నీళ్ళలో నుంచి పిలిచిండు: "యాదయ్యా, ఒక్కపారి వచ్చి జూడు. నాకు అనుమానం గొడ్తాంది."

నేను లేవలేదు బిడ్డా. పేలిక ఉండ చుట్టి ఆయన మీదికి విసిరి, "నువ్వే కట్టు పో, బావా. నీ చేతికి నేను చూసేదేంది," అన్న.

ఆయన కట్టిండు. వల లాగినం. ఆ అతుకు కాడ అవతలి వల తిరగబడి ఉన్నదట. ముడులు ఓర్వలేదు, తెల్లారేసరికి పన్నెండిండ్లు ఏడాదంతా ఎదురు చూసిన చేప ఆ సందులో నుంచి పోయింది. బొచ్చెలు, రవ్వలు ఎగిరెగిరి పోతుంటే కండ్లతో చూసినం.

సంఘం కూర్చున్నది. కుర్మయ్య బావ నా దిక్కు చూసి, "యాదయ్య పేలిక ఉన్నది గద," అన్నడు. అంతే అన్నడు. అందరూ నా దిక్కు చూసిండ్రు. నేను, "నేను చూసినప్పుడు మంచిగనే ఉండె," అన్న.

ఆ ఒక్క మాటతో, నేను చూసినంక బావే చెడగొట్టిండని అయ్యింది. బావను సంఘం నుంచి తీసేసిండ్రు. వలను అక్కడ్నే వదిలి, బౌరంపేట్ దిక్కు మేస్త్రీ పనికి పోయిండు. మా అక్క ఆ ఏడాది నుంచి రాఖీకి రాలేదు. బోనాలకు పిలవపోతే తలుపు తీయలేదు. నువ్వు మేనత్త ఒడి ఎరుగకుండ పెరిగినవు. "అత్త ఎందుకు రాదు నాయినా?" అని అడిగితే, "వాళ్ళకు పొగరు," అని చెప్పిన.

ఇక "కుర్మయ్య అతుకు" అనే మాట పుట్టింది. ముప్పై ఒక్క ఏండ్లు. ఎవడు అన్నా అందరికంటే ముందు నేను నవ్విన. నా నోటితో అన్న. నువ్వు నా నోట్లో నుంచే నేర్చుకున్నవు. మైసూరు పిల్ల దాకా పోయింది.

చెప్పమని గాని, వద్దని గాని నేను నీకు చెప్పను. ఆ హక్కు నాకు లేదు. చెప్పకుంటే ఎట్లుంటదో మాత్రం తెలుసు, అది చెప్తున్న. ఎవ్వరూ అడగరు బిడ్డా. అదే కష్టం. అడిగితే ఒక్కనాడే అయిపోవు. అందరూ మంచోడని దండం పెడతరు, అతుకు చూడాలంటే యాదయ్యే అంటరు. ఆ తర్వాత కూడా తొమ్మిదేండ్లు పేలికలు కట్టిన. ఒక్కొక్క అతుకు రెండుసార్లు చూసిన. ఎన్ని చూసినా పదకొండోది చూసినట్టు కాలేదు.

మనిషి అలిసిపోతడు. అలిసిపోవుడు తప్పు కాదు. నేను గట్టెక్కింది తప్పు కాదు. పేలిక విసిరింది తప్పు.

నాయిన

*

బెంగుళూరు,
అక్టోబరు 7.

నాయినా,

నీ ఉత్తరం వచ్చిన రోజు ఫోను గేటు దగ్గర పెట్టాను గానీ ఉత్తరాన్ని జేబులోనే ఉంచుకున్నాను. ఉపగ్రహం ఉన్న గదిలోకి మామూలు కాగితం రానివ్వరు, దుమ్ము రాలుతుందని. బయట అరలో పెట్టి తాళం వేశాను. శేఖర్ సార్ లోపలున్నారు.

"సార్, దీపం పట్టి చూడాలి," అన్నాను.

"ఏ దీపం?"

"మార్చిలో నేను పట్టనిది."

ఆయనే వెళ్ళి దీపం తెచ్చి, ఆయనే పట్టుకున్నారు. సృజన తెర ముందు కూర్చుంది. దీపం వెలిగింది.

"చక్రం తిరుగుతోంది," అంది సృజన.

"ఎటు?"

"కుడి..." అని ఆగి, నా వైపు చూసి, "దీపానికి దూరంగా," అంది.

శేఖర్ సార్ దీపం అటు మార్చి పట్టారు, ఇటు మార్చి పట్టారు. మూడుసార్లు. మూడుసార్లూ అది వెలుగుకు వీపు పెట్టాలనే చూసింది. ఆయన దీపం ఆర్పి, "టీ తాగుదాం పద," అన్నారు.

బయట మెట్ల మీద కూర్చున్నాం. "సంతకం నాదే సార్," అన్నాను.

"కింద నాది కూడా ఉందమ్మా. నీది ఉంది కదా అని చదవకుండా పెట్టాను," అన్నారు. టీ గ్లాసు పక్కన పెట్టి, "సరేలే, రిటైరయ్యాక టీవీలో చూస్తాను," అన్నారు. ఆ మాట దగ్గర నాకు ఏడుపొచ్చింది. మీటింగులో రాలేదు.

మీటింగ్ నాలుగు గంటలు. ఎవరూ తిట్టలేదు. తిడితే బాగుండేది. "ఇన్నాళ్ళు ఎందుకు చెప్పలేదు?" అని ఒకాయన అడిగారు. ఐదు వారాలు తెలిసి కూడా చెప్పలేదని ఒప్పుకున్నాను. అది కూడా రాసుకున్నారు. నవంబరు ప్రయోగం పోయింది. మే అంటున్నారు, చోటు దొరికితే. శ్రీహరికోట వెళ్ళే జట్టులో నా పేరు తీసేశారు. "కాగితం మీద సరిచూశాం" అని రాసినవి ఇంకా నలభై మూడు ఉన్నాయట. అవన్నీ మళ్ళీ చేతితో చూడటం ఇక నా పని.

కన్ను జట్టులో అన్వేష్ అనే కుర్రాడు ఉన్నాడు. తప్పు తనదేమోనని అప్పటికే ముఖం పాలిపోయింది. కాదని అందరి ముందూ చెప్పాను. ఆ ఒక్కటే నేను సరిగా చేసిన పని.

పేపర్లో "సాంకేతిక కారణాల వల్ల వాయిదా" అని వస్తుంది. ఎవరికీ ఏమీ చెప్పకు. సంతోషంగా లేదు నాయినా. తేలికగా కూడా లేదు. నిద్ర మాత్రం వస్తోంది.

"కు. అ." అని ఆఫీసులో ఇంకా రాస్తూనే ఉన్నారు. వద్దని చెప్పలేకపోయాను. చెబితే నీ పేరు చెప్పాల్సి వస్తుంది.

భవిత

*

షామీర్‌పేట,
అక్టోబరు 21.

ఆగిపోయిందట! ఆపింది నా బిడ్డనట! పేపరోడు రాయకపోతే పాయె, నేను చెప్తున్న ఊరంతా!

ఎవరికీ చెప్పొద్దని రాసినవు. నాకు చెవులు వినబడవు కద బిడ్డా. ఈ ఒక్క మాట వినలేదు.

చిరంజీవి భవితకు వెయ్యి దీవెనలు. మీ అమ్మకు నీ రెండు ఉత్తరాలు చదివి వినిపించిన, నేను నీకు రాసింది కూడా చెప్పిన. ఆమె సగం దాకా వింటూ, "ముప్పయ్యేండ్లు నా పక్కన పండుకొని గీ ముచ్చట కడుపుల పెట్టుకున్నవా?" అని లేచి పోయింది. రెండు రోజులు పలకలేదు. మూడోనాడు వచ్చి, "వ్యాను ఉన్నది గద, దాన్నేం జేస్తవ్?" అని అడిగింది. మీ అమ్మ తెలివి చూడు! నాకు తోచనిది ఆమెకు తోచింది.

బావ మీద నింద నలుగురి ముందు పడ్డది. పోవాలన్నా నలుగురి ముందే పోవాలె. మొన్న ఆదివారం రవీందర్ వ్యాను తెచ్చి జైపాల్‌కు ఇచ్చిండు. గౌరయ్యతో కలిపి సంఘంలో అప్పటివాళ్ళు బతికి ఉన్నవాళ్ళు ఎనిమిది మంది, మీ అమ్మ, జైపాల్, నేను. శ్రీహరికోటకా అని అడిగిండ్రు ముసలోళ్ళు. బౌరంపేట్‌కు అన్న. "గాడ రాకెట్ ఏడున్నదే?" అన్నడు గౌరయ్య. ఎక్కు చెప్త అన్న.

బౌరంపేట్ మనం ఎరిగిన బౌరంపేట్ కాదు. ఇంతెత్తు గేట్లు, లోపల తెల్ల ఇండ్లు. ఆ గోడకు ఆనుకొని వెనక ఒక వరుస రేకుల ఇండ్లు. చివరిది కుర్మయ్య బావది. డెబ్బై ఐదేండ్లు, కట్టె పట్టుకొని నడుస్తున్నడు. వాకిట్లో మంచం మీద కూర్చొని దోమతెర కుడుతున్నడు. బిడ్డా, ఆ ముడి చూసిన. మన చెరువు ముడే. చేతులు మరిచిపోలేదు.

నేను నిలబడే చెప్పిన. ఎనిమిది మంది వింటున్నరు. నా చెవులకు నా గొంతు ఎంత వినబడుతదో తెలియదు కనుక గట్టిగా ఒర్రి చెప్పిన. ఆ తెల్ల ఇండ్ల మేడల మీద నుంచి కూడా మనుషులు తొంగి చూసిండ్రు. చలి, చుట్ట, పేలిక విసిరింది, సంఘంలో అన్న మాట, అన్నీ. చెప్పి బావ కాళ్ళు పట్టుకోబోయిన. బావ కాళ్ళు వెనక్కి గుంజుకున్నడు.

"నాకెందుకు జెప్తున్నవ్ యాదయ్యా? పేలిక కట్టింది నేనే గద, నాకెరుకనే," అన్నడు. జైపాల్ నా చెవిలో ఆ మాట మళ్ళీ చెప్పిండు. బావ ఇంకా అన్నడు: "గీళ్ళకు జెప్పినవ్, సాలు."

గౌరయ్య తల దించుకున్నడు. ఎవ్వరూ నవ్వలేదు.

మా అక్క బయటికి రాలేదు. తలుపు సందులో చీర అంచు కనబడ్డది, అంతే. కొంచెం సేపటికి మనుమరాలితో అందరికీ చాయ్ పంపింది. పది కప్పులు. మేము పదకొండు మందిమి. నాకు రాలేదు. మంచిగనే చేసింది. వ్యాను ఎక్కేటప్పుడు తలుపు సందులో నుంచే మీ అమ్మను పిలిచి, "పోరి బుగ్గలు గుంజుకపోయినయి గదా, పేపర్ల జూసిన," అన్నదట. అత్తకు నీ ఫోటో పట్టి పట్టి చూసే ప్రేమ ఉన్నది బిడ్డా!

మేలో నీ పేరు జట్టులో లేకపోతే ఏం? నేను టీవీలో శేఖర్ సార్‌తో పాటు చూస్త. నలభై మూడు అతుకులు నిమ్మళంగా చూసుకో. ఒకటి చూసినంక గట్టెక్కి కూర్చో, ఏమన్నా తిని మళ్ళీ దిగు. అలిసిపోయి చూడొద్దు.

ఇక ఈ సంగతి తప్పక చెప్పవలసినవాళ్ళ పేర్లు రాస్తున్న. నాకు ఫోను వినబడదు, నువ్వే చెప్పాలె.

యాప్రాల్‌లో మీ చిన్నమ్మ లత. ఆమెకు ఒక్కదానికి చెప్తే చాలు, సాయంత్రానికి కంటోన్మెంటు అంతా తెలుస్తది.

మేడ్చల్‌లో నీ మేనమామ పరమేష్. నవంబరు 19కి సెలవు పెట్టుకున్నడు, పాపం. మెల్లగా చెప్పు.

బాలేష్ బాబాయి. అలక తీరలేదు. మళ్ళీ వ్యాను కట్టిననాడు ముందు సీటు ఆయనదే అని చెప్పు.

ఈదమ్మ అత్త. తలుపు వెనక నుంచి అంతా విన్నది. అయినా నువ్వు నీ చేతితో ఒక ఉత్తరం రాయి. ముందు నా తప్పు రాయి, తర్వాత నీ క్షేమం రాయి. తింటున్ననని రాయి.

కుర్మయ్య మామ. ఈయనకు నేనే చెప్పిన. పేరు కొట్టేస్తున్న.

చివరికి మీ ఆఫీసువాళ్ళు, శేఖర్ సార్, ఆ మైసూరు పిల్ల సృజన, అందరూ. నా పేరు చెప్పాల్సి వస్తదని ఆగినవట. చెప్పు. ఎర్ర పెన్సిలుతో ఇక "యా. అ." అని రాయమను. ఆ అతుకు కుర్మయ్యది కాదు, యాదయ్యది. అందరికీ వినబడేటట్టు చెప్పు.